ఊగుడు గుండు ఏ గడిలోది?

మా ఆఫీసు బోర్డు మీద రెండు వరుసల పేరుండేది. ఊళ్లల్లో ఆ పేరు పలికిన మనిషిని నేను చూడలేదు. గుట్టల్లో రాయి తవ్వుకోవడానికి అనుమతులిచ్చేది మేమే కాబట్టి అందరికీ అది రాళ్లాఫీసు. అందులో సర్వేయరుగా ఉన్న నేను రాళ్ల సారును. పిల్లనిచ్చే ముందు మా మామ జనగామ బస్టాండులో చాయ్ తాగిస్తూ, "రాళ్లల్ల కొలువేంది బిడ్డా, అవి యాడికి పోతయని కొలుస్తరు?" అని అడిగాడు. ముప్పై ఏళ్ల పైన ఆ కొలువే చేసి దిగిపోయాను. ఆయనకు మాత్రం ఇప్పటికీ సరైన జవాబు చెప్పలేదు.

కొత్తగా ఉద్యోగంలో చేరిన పిల్లలు కనిపిస్తే, "సార్, మీ సర్వీసులో పెద్ద కేసు ఏదన్నా చెప్పండి" అంటారు. లారీలకు అడ్డం నిలబడ్డ కథో, పైవాళ్ల ఒత్తిడికి లొంగని కథో చెబుతానని వాళ్ల ఆశ. అలాంటివి నా దగ్గర లేవు. లారీ వస్తుంటే పక్కకు జరిగే మనిషిని నేను. నా దగ్గర ఉన్నది ఒక టిక్కు గుర్తు కథ. ఫోన్ తెర మీద వేలితో ఒక్కసారి నొక్కి, ఒక తండా వాళ్ల రాయిని ఇంచుమించు పేల్చేయించాను. దాన్ని మళ్లీ కాపాడింది కూడా నేనేనని మొన్నటిదాకా చెప్పుకుంటూ తిరిగాను. అది అబద్ధం. నిజం ఇప్పుడు రాస్తున్నాను.

ముందు రాళ్ల సంగతి కొంచెం చెప్పాలి. నేను పుట్టిన జనగామ చుట్టూ ఒక గుండు మీద ఇంకో గుండు, దాని మీద చిన్న గుండు, ఎవరో పనిలేక పేర్చినట్టు ఉంటాయి. భూపాలపల్లిలో చేసినప్పుడు చూసినవి వేరే రకం. రేగొండ అవతల ఇసుకరాయి గుట్టలు పొరలు పొరలుగా నిటారుగా లేచి ఉంటాయి, వాటి కింద నడిచిన రోజు రాత్రి మెడకు జండూబామ్ రాసుకోవాల్సిందే. కాటారం వైపు పనిపడినప్పుడు బస్సు కిటికీలోంచి వరి మళ్లు చూస్తూ, ఇక్కడ రాళ్లు లేవు కదా, హాయిగా నిద్రపోవచ్చు అనుకునేవాణ్ణి. ఆఖరు పోస్టింగు మహబూబాబాద్‌లో. అక్కడ మళ్లీ మా గుండ్లే.

ఈ గుండ్లను ఎవరూ తెచ్చి పెట్టలేదు. ఒకప్పుడు అంతా ఒకే బండ. దానికి నిలువునా అడ్డంగా పగుళ్లు పడతాయి. పగుళ్లలోకి వాన దిగుతుంది. ఎండకు పైచెక్కు ఉల్లిపొరల్లా ఊడుతుంది. మూలలు అరిగి, చుట్టూ మెత్తబడిన మన్ను కొట్టుకుపోయి, గట్టిగా ఉన్న ముక్క ఉన్నచోటే మిగులుతుంది. అంటే గుండు ఎక్కడి నుంచో వచ్చి కూర్చున్నది కాదు, చుట్టూ ఉన్నవన్నీ వెళ్లిపోయాక మిగిలినది. రిటైరైన తర్వాత ఈ పాఠం నాకు ఇంకా బాగా అర్థమవుతోంది.

మహబూబాబాద్‌లో మా అధికారి నాకంటే పదేళ్లు చిన్న. రాళ్ల శాస్త్రం పెద్ద చదువు చదివినవాడు. పుట్టి పెరిగింది విశాఖ దగ్గర సముద్రం ఒడ్డున. ఆయన ఫోన్ తెరిస్తే మొదట కనిపించేది భార్యాపిల్లలు కాదు, ఒక రాతి తోరణం. అలలు ఏళ్ల తరబడి కొట్టి కొట్టి రాయిని మధ్యలో తొలిచేస్తే మిగిలిన వంపు అది. మా ఆఫీసుకు ఎవరొచ్చినా, పని ఏదైనా, ఆ తోరణం చూడకుండా బయటికి వెళ్లలేదు.

"చూశారా సర్వేయర్ గారూ, దీన్నంటారండీ రాయి అని. మీ గుండ్లు ఏముందండీ, పడుకున్న గేదెల్లా ఉంటాయి" అనేవాడు.

"మీ రాయికి కష్టమంతా సముద్రం పడ్డది సార్. మా రాళ్లు ఎవరి సాయం లేకుంట గుండ్రమైనయి" అనేవాణ్ణి నేను.

మా మాట తీరు మీద కూడా ఆయనకు సరదా. "మీ గిట్లకూ గట్లకూ మధ్య ఎంత దూరం ఉంటుందో ఒకసారి టేపు పట్టి చెప్తారా?" అని అడిగేవాడు. "మీరు రాయికి కూడా అండీ పెడ్తరు గద సార్, ముందు అది కొలుద్దాం" అనేవాణ్ణి. మా అటెండరు ఈ మాటలన్నీ వింటూ, రెండు గ్లాసుల చాయ్ రెండు బల్లల మీద పెట్టి, ఎవరి పక్షమూ కాకుండా వెళ్లిపోయేవాడు. సినిమాల్లో మా భాషను ఎన్నేళ్లు ఎగతాళి చేశారో చూసినవాణ్ణే కానీ, ఈయన మాటల్లో ఆ విషం లేదు. అందుకే నాకూ జవాబు చెప్పబుద్ధయ్యేది.

ఒక్కసారి మాత్రం గట్టిగా తగిలింది. ఆయన వేలు మడిచి లెక్క పెట్టాడు. "మాకు సముద్రం ఒడ్డున ఒక తోరణం. లోపలికొస్తే తిరుమల కొండ మీద ఇంకో శిలాతోరణం. ఒడ్డునా ఉంది, లోపలా ఉంది. మరి మీకో?" అన్నాడు. ఇంటికి వెళ్లి అన్నం తింటూ కూడా దాని గురించే ఆలోచించాను. ఏమైందని మా ఇంటావిడ అడిగితే, "మనకు తోరణం లేదట" అన్నాను. దర్వాజకు మామిడాకులు కట్టాలేమో అనుకుని ఆమె ఊరుకుంది.

ఆ నెలలోనే ఒక దరఖాస్తు వచ్చింది. పక్క ఊరి ఆసామి ఒకాయన, భూములున్నవాడు, రాజకీయాల్లోనూ కాలు పెట్టినవాడు, తండా వెనక ఉన్న గుట్టలో రాయి పగలగొట్టి అమ్ముకుంటానని అడిగాడు. గుట్ట చూసి, ఫోన్‌లో ఫారం నింపి పంపడం నా పని.

గుట్ట కింద తండా. లంబాడీ కుటుంబాలు. పత్తి, మిరప, కూలి పని, పనుల్లేనప్పుడు హైదరాబాద్ వలస. పగటిపూట ముసలివాళ్లు, మేకలు తప్ప ఎవరూ లేరు. ఒక ముసలామె మేకలను తోలుకుంటూ నా వెనకే గుట్ట ఎక్కింది. నేను మూడుచోట్ల ఆగి ఆయాసం తీర్చుకున్నాను. ఆమె ఒక్కచోటా ఆగలేదు, కానీ నా కోసం మూడుచోట్లా మేకలను తిడుతున్నట్టు నటిస్తూ నిలబడింది.

పైన పరుపుబండ, చాప పరిచినట్టు చదునుగా ఉంది. దాని మీద లారీ క్యాబిన్ అంత గుండు ఒకటి, నిలువు కంటే వెడల్పు ఎక్కువ. కింద అడుగు సన్నగా అరిగి, ఒక్కచోటే బండకు ఆనుకుని ఉంది.

"గిది ఊగుతది సారు" అంది ఆమె.

"ఏది?"

"గిదే. నువ్వు గా చివర ఎక్కు. నేను గీ చివర ఎక్కుత."

నాకు నవ్వొచ్చింది. అయినా ఎక్కాను. ఆమె ఆ చివర నిలబడి, నేను వంగితే నిలబడింది, నేను నిలబడితే వంగింది. నాలుగోసారికో ఐదోసారికో నా కాళ్ల కింద ఏదో కదిలింది. బండ మీద బండ తగిలి 'దుబ్' అని లోపలి నుంచి చప్పుడొచ్చింది. అంత బరువున్న రాయి ఒక ముసలామె, నేను కలిసి ఊపితే ఊగింది. ఇన్నేళ్ల సర్వీసులో అలాంటి రాయి చూడలేదు.

ఆ క్షణంలో నా మనసులో మొదట మెదిలింది ఏమిటో నిజాయితీగా చెప్పాలి. అది ప్రకృతీ కాదు, శాస్త్రమూ కాదు. మా అధికారి మొహం. ఇప్పుడు చెప్పండి సార్, మీ తోరణం ఊగుతుందా?

ఆమె ఇంకా చెబుతూనే ఉంది. తండాలో ఇద్దరికి మాటల్లేకుండా పోతే, వాళ్లను తెచ్చి ఈ గుండు మీద చెరో చివర నిలబెడతారట. ఒకరి ఊపు ఇంకొకరు అందుకోకపోతే అది కదలదు. కదిలిందాకా ఇద్దరూ దిగకూడదు. "నేను, నా యారాలు, అంటే మా మరిది పెండ్లాం, మూడు దినాలు ఎక్కినం సారు. మూడో దినానికి ఊగింది" అంది. దేనికి కొట్లాడుకున్నారని అడిగితే గుర్తు లేదంది.

గుండు అడుగున రెండు పక్కలా తెల్లటి సున్నపు గీతలు మందంగా ఉన్నాయి. గుండు మీద మొదలై కింద పరుపుబండ మీదికి దిగాయి. "గీ గీతలు జర చూడు సారు" అంది ఆమె. "చూసిన, చూసిన" అన్నాను. పూజ గుర్తులు కదా, మన ఫారంలో పూజకు చోటు లేదు. నా కళ్లు అప్పటికే ఫోన్ మీద ఉన్నాయి.

ఫారంలో 'బండల స్థితి' అని ఒక ప్రశ్న. దాని కింద రెండే గడులు. ఒకటి స్థిరం, రెండోది అస్థిరం. ఊగే రాయిని స్థిరం అంటే అబద్ధమవుతుంది. నేను నిజాయితీపరుణ్ణి. అస్థిరం నొక్కాను. కింద వివరం రాసే చోట గర్వంగా ఇలా రాశాను: 'పెద్ద గుండు ఊగుచున్నది. ఊపుటకు ఇద్దరు మనుషులు చాలును.'

ఇది చదివి మా అధికారి నా దగ్గరికి పరుగెత్తుకొస్తాడనుకున్నాను. ఆయన చదవలేదు. చదివింది కంప్యూటరు. అస్థిరం అని ఉంటే అది తనంతట తానే ఒక ఉత్తరం తయారుచేస్తుందని అప్పటిదాకా నాకు తెలియదు. ప్రమాదకరమైన బండ, కింద ఇళ్లున్నాయి, కనుక పేల్చి తొలగించవలెను. మిషన్లు దగ్గరలో ఉన్నది ఆసామికే కాబట్టి పని ఆయనకే అప్పజెప్పారు. ఆ గుండు అడ్డంగా ఉండడం వల్లే గుట్టకు అటువైపు దారి లేదు. అది పోతే దారి తెరుచుకుంటుంది. ఆయన దరఖాస్తులో అడగడానికి మొహమాటపడ్డది నేను ఫారంలో ఇచ్చేశాను.

పది పదిహేను రోజుల తర్వాత ముసలామె, ఆమె యారాలు ఆటోలో ఆఫీసుకు వచ్చారు. నా బల్ల ముందు నిలబడ్డారు. కూర్చోమంటే కూర్చోలేదు.

"మా గుండు మీద ఎర్రరంగు పూసిపోయిన్రు సారు. సోమారం మందు పెట్టి పేలుస్తరంట. ఎవలు చెప్పిన్రు అంటే రాళ్ల సారే రాసిండు అంటున్నరు" అంది ముసలామె.

"నేను పేల్చమని రాయలేదవ్వా. ఊగుతదని రాసిన."

"నేను చూపెట్టిందే రాసినవు గద?"

"అవును."

"మరి పేలుస్తరెందుకు?"

ఆమె కోపంగా అడగలేదు. తను చూపించడం వల్లే రాయి పోతోందా అని అడుగుతోంది. అదే నాకు ఎక్కువ బాధయ్యింది. యారాలు మెల్లగా, "మందు పెడితే మా ఇండ్లు ఆగుతయా సారు? గోడలన్ని మట్టివే" అంది. ఇద్దరూ తమ భాషలో ఏదో మాట్లాడుకున్నారు. నాకు ఒక్క ముక్కే తెలిసింది. వాళ్లు రాయిని భాటా అంటారు. ఆ మాట నాలుగుసార్లు వినబడింది.

వెంటనే మా అధికారి గదిలోకి వెళ్లాను. ఆయన ఫారం తెరిచి చదివాడు. చదివి కళ్లజోడు తీసి తుడుచుకున్నాడు.

"ఊగుతుందని మీరే రాశారు కదండీ. ఇప్పుడు పేల్చొద్దంటే ఎలా? ఊగదని రాస్తారా?"

"ఊగుతది సార్. కానీ పడదు."

"పడదని దేన్ని బట్టండీ? మీ మాట మీదా? రేపు పొద్దున అది దొర్లి ఇళ్ల మీద పడితే ఏం చెప్తాం? రిటైర్మెంటుకు ముందు ఇదేం సరదా మీకు?"

ఆయన అన్నది సబబే. సబబైన మాట వింటే నాకు ఒళ్లు మండుతుంది. "మీ తోరణం మీద ఎవరన్న అస్థిరం అని నొక్కితే తెలుస్తది సార్ మీకు. అప్పుడు ఆ ఫోన్ పట్టుకుని ఏడుస్తరు" అన్నాను. ఆయన మొహం మారింది. ఆ తోరణం కింద వాళ్ల నాన్నతో కలిసి దిగిన ఫొటో ఒకటుందని, నాన్న ఇప్పుడు లేడని, అటెండరు నాకు తర్వాత చెప్పాడు. ముందే తెలిసి ఉంటే ఆ మాట అనేవాణ్ణి కాదు.

అక్కడి నుంచి మాకు మాటల్లేవు. రెండు అడుగుల దూరంలో కూర్చుని కాగితాల మీద రాసుకున్నాం. 'ఉమ్మడి తనిఖీ కోరుచున్నాను' అని నేను రాస్తే, అటెండరు పట్టుకెళ్లాడు. 'శనివారం' అని ఆయన రాస్తే, అటెండరు పట్టుకొచ్చాడు. మూడోసారి అటెండరు కాగితం నా ముందు పెట్టి, "సారు, నాకు మోకాళ్లు నొస్తున్నయి. మీరిద్దరు జర నోటితోని మాట్లాడుకోరాదా" అన్నాడు.

శనివారం జీపులో ఆయన ముందు, నేను వెనక. దారి పొడుగునా నేను ఒక్కటే లెక్క వేసుకున్నాను. గుండు ఊగితే అది అస్థిరం, సోమవారం పేలుతుంది. ఊగకపోతే నేను తప్పుడు రిపోర్టు రాసినవాణ్ణి. తమ గొయ్యి తామే తవ్వుకున్నామని చాలామంది అంటుంటారు కానీ, దాని కొలతలు కూడా తీసుకున్నవాణ్ణి బహుశా నేనొక్కణ్ణే.

ఆసామి అప్పటికే అక్కడున్నాడు. తెల్లబట్టల్లో, పెద్ద చాయ్ ఫ్లాస్కుతో. "రాండి సారు, రాండి. మొత్తానికి ప్రమాదం గుర్తుపట్టిన్రు. మాకు చిన్నప్పటి సంది తెల్వలే" అన్నాడు నాతో. ఎగతాళో మెచ్చుకోలో తెలియలేదు. తండా ఆడవాళ్లు పదిమందిదాకా గుట్ట ఎక్కి కూర్చున్నారు. గుండు మీద ఎర్రరంగుతో పెద్ద ఇంటూ గుర్తు.

"సరే, ఊపండి చూద్దాం" అన్నాడు మా అధికారి గాలిలోకి చూస్తూ. ఆ గొడవ తర్వాత నాతో అన్న మొదటి మాట అది.

"నువ్వే ఎక్కు సారు గా చివర. గీ సారు గీ చివర" అంది ముసలామె.

అధికారి ఎక్కాడు. నేనూ ఎక్కాను. ఆయన వంగాడు, నేనూ వంగాను. ఆయన లేచాడు, నేనూ లేచాను. గుండు కదలలేదు. నేను మానేసి ఆయన కోసం ఆగాను, ఆయన నా కోసం ఆగాడు. మళ్లీ ఇద్దరం ఒకేసారి మొదలుపెట్టాం. ఆడవాళ్లు కొంగులు నోటికి అడ్డం పెట్టుకున్నారు. ఆసామి ఫ్లాస్కు మూత తిప్పుతూ, "ఊగుతలేదు గద సారు, మరి ఊగుతదని ఎట్ల రాసిన్రు?" అన్నాడు.

ముసలామె లేచి వచ్చింది. మా ఇద్దరినీ కింది నుంచి చూసింది.

"మీ ఇద్దరికి మాటల్లేవు గదా?" అంది.

ఆయన అటు తిరిగాడు, నేను ఇటు తిరిగాను.

"గందుకే. ఒకలు వంగినప్పుడు ఒకలు నిలవడాలె. ఇద్దరు ఒక్కపారే పెద్దరికం చేస్తే అది ఎవల మాట ఇంటది?"

అధికారి నా వైపు చూశాడు. "మొన్న కొంచెం గట్టిగా మాట్లాడానండీ" అన్నాడు మెల్లగా. "నేనే తప్పు మాట అన్న సార్. మీ నాయిన సంగతి అప్పుడు నాకు తెల్వదు" అన్నాను. ఆయన తలూపి, "మీరు వంగండి ముందు" అన్నాడు. వంగాను. ఆయన నిలబడ్డాడు. ఆయన వంగాడు. నేను నిలబడ్డాను.

దుబ్.

"బాబోయ్, ఊగుతోందండీ" అన్నాడు ఆయన. చిన్నపిల్లాడిలా నవ్వాడు. మళ్లీ ఊపాం. దుబ్. నేనూ నవ్వాను. తండా వాళ్లు నవ్వారు. ఆసామి నవ్వలేదు కానీ ఊపిరి పీల్చుకున్నాడు. ఊగిందంటే ఆయన పని అయినట్టే. అది తట్టగానే నా నవ్వు ఆగిపోయింది.

అధికారి దిగాడు. ఇక సంతకం పెడతాడనుకున్నాను. ఆయన పెట్టలేదు. బోర్లా పడుకుని గుండు అడుగుకి తల పెట్టాడు. చాలాసేపు లేవలేదు. ఆయన ప్యాంటుకు మేక పెంటికలు అంటుకున్నాయి. లేచి, "ఈ సున్నపు గీతలేంటండీ?" అని అడిగాడు.

"పూజ గుర్తులు సార్" అన్నాను నేను, ముందే తెలిసినవాడిలా.

"పూజ ఎవలన్నరు?" అంది ముసలామె. "గుండు జరిగిందా లేదా చూసుకోను పెడ్తం. తీజ్ పండుగకు ప్రతి ఏడు పెడ్తం. గుండు మీదికెళ్లి బండ మీదికి ఒక్కటే గీత. అది జరిగితే గీత తెగుతది గద. మా అత్త పెట్టింది, ఆమె అత్త పెట్టిందంట. గీ సారుకు చూడమని చెప్పిన. చూసిన చూసిన అన్నడు."

అందరూ నా వైపు చూశారు. నేను గుండు వైపు చూశాను.

మీకు తెలియకపోతే చెబుతాను. కట్టడంలో పగులు పడితే, అది పెరుగుతోందా లేదా తెలుసుకోవడానికి మావాళ్లు పగులు మీద అడ్డంగా సున్నంతోనో గాజుతోనో ఒక పట్టీ అతికిస్తారు. పట్టీ తెగితే కదిలినట్టు, తెగకపోతే లేనట్టు. నాకు ఉద్యోగం మొదటి ఏడాదిలో నేర్పిన పాఠమది. తండా ఆడవాళ్లు తరతరాలుగా చేస్తున్నదీ అదే. నేను దాన్ని చూసి పూజ అనుకున్నాను, ఎందుకంటే చీర కట్టుకున్న మనుషులు పెట్టారు కాబట్టి. ప్యాంటు తొడుక్కున్నవాడు పెట్టి ఉంటే సర్వే గుర్తు అనుకునేవాణ్ణి. ఈ మాట రాయడానికి ఇప్పటికీ సిగ్గుగానే ఉంది.

అధికారి జేబులోంచి చిన్న చాకు తీశాడు. ముసలామెను అడిగి, గీత అంచును కొద్దిగా గీశాడు. పాత ఇంటి గోడకు వేసిన వెల్లలా పొర కింద పొర, పొర కింద పొర. అడుగున ఉన్నది పసుపురంగుకు తిరిగింది. పైపొర మీద ఊగినచోట వెంట్రుకంత చీలిక ఉంది కానీ, అన్ని పొరల్లోనూ గుండు మీది ముక్క, బండ మీది ముక్క ఒకే వరుసలో ఉన్నాయి. అవతలి పక్కకు వెళ్లి అక్కడా చూశాడు. టేపు తెప్పించి కొలిచాడు. నేను ఒక చివర పట్టుకున్నాను. కొలవడంలోనైనా పనికొచ్చాను.

"ఊగి మళ్లీ అదే చోటికొచ్చి కూర్చుంటోందండీ. ఇన్నేళ్లలో గోరంత కూడా జరగలేదు. పక్కన మందు పెడితేనే దీనికి ప్రమాదం. గుట్టకు ఈ వైపు పేలుడు పెట్టడానికి నేను ఒప్పుకోను" అన్నాడు.

ఆసామి ఫ్లాస్కు మూసేశాడు. "నువ్వు ఒక్క మాటతోని గుట్ట ఇచ్చినవు, ఇంకో మాటతోని గుంజుకుంటివి సారు" అన్నాడు నాతో. రెండో మాట నాది కాదని చెప్పాల్సింది. చెప్పలేదు. పేరు ఊరికే వస్తుంటే ఎవరు వద్దంటారు. ఆయన కూడా ఎక్కువసేపు కోపంగా ఉండలేదు. గుట్ట దిగేముందు ఎవరూ చూడటం లేదనుకుని గుండు మీద ఒక కాలు పెట్టి చూశాడు.

అధికారి ఫోన్‌లో ఫారం తెరిచి తల గోక్కున్నాడు. "అన్నీ బాగానే ఉన్నాయి కానీ సర్వేయర్ గారూ, రెండు గడులే ఉన్నాయి. దీన్ని ఏ గడిలో పెట్టాలండీ?"

ముసలామె గాభరాపడింది. "గడిల ఎందుకు పెడ్తరు సారు? మా గుండు మా గుట్ట మీదనే ఉండనియ్యి. గడీలల్ల దొరలే లేరు ఇప్పుడు."

సముద్రం ఒడ్డు మనిషికి అర్థం కాలేదు. మా దగ్గర గడి అంటే దొరలుండే కోట అని నేను చెప్పాను. ఆయన నవ్వీ నవ్వీ పరుపుబండ మీద కూలబడ్డాడు. తర్వాత కళ్లు తుడుచుకుని, ముసలామెకు ఫోన్‌లో గడి చూపించి, 'స్థిరం' అని పైకి చదివి నొక్కాడు. వివరం దగ్గర ఏం రాయాలని అడిగితే, నేను చెప్పాను, ఆయన రాశాడు: 'ఊగును. నిలుచును.' సోమవారం మందు రాలేదు. ఎర్రరంగు మాత్రం రెండు వానాకాలాలు పోలేదు.

జీపులో వెనక్కి వచ్చేటప్పుడు ఆయన నా పక్కన కూర్చున్నాడు. "ఒప్పుకుంటానండీ. మా తోరణం ఊగదు" అన్నాడు. కొంతదూరం పోయాక, "ఊగకపోవడమే మంచిదనుకోండి" అన్నాడు. ఇప్పుడు వేరే జిల్లాలో ఉన్నాడు. నెలకోసారి ఫోన్ చేస్తాడు. ఆరోగ్యం అడగడు, "గుండు ఎట్ల ఉందండీ?" అని అడుగుతాడు. ఎట్లకూ అండీకీ మధ్య ఇప్పుడు దూరమే లేదు.

పిల్లలూ, ఫారం తప్పని నేను అనను. ఫారం దాని పని అది చేస్తుంది. పక్కన నిలబడ్డ మనిషి జర చూడు అన్నప్పుడు, చూసిన అనకుండా చూడండి. ఇన్నేళ్ల సర్వీసులో నేను మీకు ఇవ్వగలిగింది ఈ ఒక్క ముక్క.

రిటైరయ్యాక ప్రతి ఏడూ తీజ్‌కు ఆ తండాకు వెళ్తున్నాను. పోయిన ఏడు పిల్లలు గోధుమ మొలకల బుట్టలు ఎత్తుకుని కింద ఆడుతుంటే, ముసలామె నన్ను గుట్ట ఎక్కించింది. ఇప్పుడు ఆమె కూడా రెండుచోట్ల ఆగుతోంది. నేను మేకలను తిడుతున్నట్టు నటించాను. పైకి వెళ్లాక సున్నం గిన్నె నా చేతికిచ్చి, "ఈ ఏడు నువ్వు పెట్టు సారు" అంది.

అప్పటికే ఏడాదిగా నా కుడిచెయ్యి వణుకుతోంది. డాక్టరు మందులు రాశాడు, అయినా వణుకు తగ్గలేదు. ఎవరికీ కనబడకుండా జేబులో పెట్టుకుని తిరుగుతుంటాను. గిన్నె తీసుకోక తప్పలేదు. వేలు సున్నంలో ముంచి గుండు మీద పెట్టి కిందికి లాగాను. వాళ్ల అత్తలు, అత్తల అత్తలు తిన్నగా గీసిన గీతల మీద నా గీత పాములా వంకర తిరిగింది. నాకు ఏడుపొచ్చింది. రాళ్ల సారు కదా, ఒక గీత కూడా తిన్నగా గీయలేకపోయాను.

ఆమె వంగి గీత చూసింది. తర్వాత నా చెయ్యి చూసింది.

"చెయ్యి ఊగుతున్నదేంది సారు?"

"వయసవ్వా. ఆగుతలేదు."

ఆమె సున్నం గిన్నె తీసుకుని పక్కన పెట్టింది. నా చెయ్యి తన రెండు చేతుల్లోకి తీసుకుని, అటూ ఇటూ తిప్పి, గుండును చూసినట్టే చూసింది.

"మరి నిన్ను ఏ గడిల పెట్టాలె?" అంది.

"నువ్వే చెప్పవ్వా."

"గీత తెగలే గద" అంది ఆమె. "స్థిరమే నొక్కు."